కాంగా తీసేస్తే పోయేదేముంది అన్నవాళ్లకు

జాజ్ గురించి తెలుగులో తిరుగుతున్న పోస్టుల్లో ఒకటి ఈ మధ్య చాలామందికి చేరింది. దాని సారాంశం ఇదీ. 1950, 60ల నాటి అమెరికన్ జాజ్ రికార్డుల్లో కాంగా (చేతులతో వాయించే పొడవాటి డోలు) వాయించినవాళ్లను సంగీతకారులుగా లెక్కపెట్టనక్కర్లేదట. లాటిన్ వాళ్లకు లయ రక్తంలోనే ఉంటుంది కాబట్టి వాళ్లు ప్రత్యేకంగా నేర్చుకున్నదేమీ లేదట. రికార్డుకు కాస్త రంగు పూయడానికి పిలిస్తే వచ్చి, వాయించి, డబ్బు తీసుకుని వెళ్లిపోయేవాళ్లట. ఆ కాంగా తీసేసినా పాటకు నష్టం లేదట. సొంతంగా ఎదగలేనివాళ్లే సెషన్ పనిలో, అంటే డబ్బుకు వేరేవాళ్ల రికార్డుల్లో వాయించే పనిలో, ఉండిపోతారట. ఇంత చెప్పి, ఉదాహరణగా కాంగా కళాకారుడు రే బరెట్టో పేరు తెచ్చి, 1963లో ఒక్క హిట్టు, అంతకు మించి ఏమీ లేదని తేల్చేశారు.

బరెట్టో రికార్డులు ఏళ్ల తరబడి వింటున్నవాణ్ని కాబట్టి చూసీ చూడనట్టు వదిలేయలేకపోయాను. ఆ పోస్టులో ఒక్క మాట తప్ప మిగతాదంతా తప్పు. అదీ తెలియక జరిగిన చిన్న పొరపాటు కాదు. చేతులతో డోలు వాయించేవాళ్లను తక్కువగా చూసే పాత అలవాటు దాని వెనక ఉంది.

ముందు ఆ రక్తం సంగతి చూద్దాం. బరెట్టో క్యూబా వాడు కాదు. 1929 ఏప్రిల్ 29న న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో పుట్టాడు. అమ్మానాన్నలు ప్యూర్టో రికో నుంచి వచ్చినవాళ్లు. కాంగా క్యూబా వాద్యం. అక్కడికి బానిసలుగా వచ్చిన ఆఫ్రికన్ల చేతుల్లో, ముఖ్యంగా కాంగో ప్రాంతం వాళ్ల చేతుల్లో రూపు దిద్దుకుంది. ప్యూర్టో రికోకు వేరే డోళ్లున్నాయి, బోంబా, ప్లేనా అని వేరే సంప్రదాయాలున్నాయి. అంటే పుట్టుకతో వచ్చిందనే వాదనను ఒప్పుకున్నా, ఈ వాద్యం అతనికి పుట్టుకతో వచ్చే వీలు లేదు.

అతనికి అది ఎలా వచ్చిందో తెలుసు. చిన్నప్పుడు ఇంట్లో అమ్మ పెట్టే లాటిన్ పాటలు ఒకవైపు, రాత్రిళ్లు రేడియోలో డ్యూక్ ఎల్లింగ్టన్, కౌంట్ బేసీల జాజ్ ఇంకోవైపు వింటూ పెరిగాడు. పదిహేడేళ్లకు సైన్యంలో చేరి జర్మనీ వెళ్లాడు. జాజ్ ట్రంపెట్ కళాకారుడు డిజీ గిలెస్పీ రికార్డు 'మాంతేకా' విన్నది అక్కడే. అందులో కాంగా వాయించింది చానో పోసో. 1947లో హవానా నుంచి న్యూయార్క్ వచ్చి, 1948 డిసెంబర్‌లో హార్లెమ్‌లో హత్యకు గురైన మహా కళాకారుడు. జాజ్ బ్యాండు మధ్యలో ఆ డోలు అలా పలకడం విన్నాక తాను చేయాల్సింది ఏమిటో బరెట్టోకు అర్థమైంది. చేతికి దొరికిన బాంజోనే (డోలులా తోలు బిగించిన తీగ వాద్యం) డోలుగా చేసుకుని అక్కడి సైనికుల క్లబ్బులో జాజ్ వాయించేవాళ్లతో కూర్చోవడం మొదలుపెట్టాడు. 1949లో ఇంటికి తిరిగొచ్చి హార్లెమ్‌లో రాత్రుళ్లు అప్పటికప్పుడు కలిసి వాయించే జామ్ సెషన్లలో చార్లీ పార్కర్ వంటి వాళ్ల పక్కన వాయిస్తూ పని నేర్చుకున్నాడు. రికార్డు విని, సాధన చేసి, తనకన్నా పెద్దవాళ్ల పక్కన కూర్చుని దెబ్బలు తిని సంపాదించుకున్న విద్య ఇది. దీన్ని రక్తం ఖాతాలో వేయడమంటే ఆ కష్టాన్ని లాగేసుకోవడమే. మృదంగం నేర్చుకున్నవాళ్లను పట్టుకుని మీ వాళ్లకు పుట్టుకతోనే వస్తుందిలే అంటే వాళ్లకు ఎంత ఒళ్లు మండుతుందో ఇదీ అంతే.

ఇక అసలు విషయం, కాంగా తీసేసినా నష్టం లేదన్న మాట. దీనికి కొంచెం వివరంగా జవాబు చెప్పాలి. ఎందుకంటే మామూలుగా వినేవాళ్లలో కూడా చాలామంది మనసులో ఇదే అనుకుంటారు.

మాంబో, సాన్ లాంటి క్యూబన్ నాట్య సంగీతంలో కాంగా వాయించే మూల నడకను తుంబావో అంటారు. నాలుగు బీట్లలో ఎనిమిది దెబ్బలు. ఎడమ చేయి అరచేతి మడమతో ఒకటి, వేళ్ల కొసలతో ఒకటి, ఇలా తోలు మీద ఊగుతూ ఉంటుంది. ఆ దెబ్బలు శ్రోతకు దాదాపు వినపడవు. వాయించేవాడికి కాలం నిలిపేవి మాత్రం అవే. రెండో బీటు మీద కుడి చేత్తో ఛెళ్లుమనే స్లాప్. నాలుగో బీటు మీదా, దాని వెనకే వచ్చే అరబీటు మీదా మోగే రెండు తెరిచిన దెబ్బలు, అంటే కొట్టి వెంటనే చేయి తీసేసి తోలును మోగనిచ్చేవి. ఈ నడకలో అరబీట్లన్నీ సమానంగా పడతాయి. దానికి పైన క్లావే అనే రెండు బార్ల (బార్ అంటే ఇక్కడ నాలుగు బీట్లు) లయ కట్టడి ఒకటి ఉంటుంది, బ్యాండులో ప్రతి ఒక్కరూ దానికి లోబడాల్సిందే.

స్వింగ్ అనే జాజ్ నడకలో అరబీట్లు సమానంగా పడవు. మొదటిది సాగుతుంది, రెండోది ఆలస్యంగా వచ్చి తర్వాతి బీటులోకి జారుతుంది. క్లావే లేదు. డ్రమ్మర్ రైడ్ సింబల్ అనే పెద్ద లోహపు పళ్లెం మీద కాలం నడుపుతుంటాడు, కింద బాస్ బీటుకొక స్వరం చొప్పున నడుస్తుంటుంది. ఇప్పుడు నేర్చుకున్న తుంబావోను ఉన్నదున్నట్టు తెచ్చి ఇందులో పెడితే ఏమవుతుంది? సమానమైన అరబీట్లు సింబల్‌తో కొట్టుకుంటాయి. మోగే తెరిచిన దెబ్బలు బాస్ స్వరాలను మింగేస్తాయి. రెండు గడియారాలు ఒకే గదిలో వేరువేరుగా కొట్టుకుంటున్నట్టు ఉంటుంది. అప్పటి రికార్డుల్లో ఈ తంటా పడ్డవి ఉన్నాయి, వింటే తెలిసిపోతుంది.

బరెట్టో గొప్పతనం ఇక్కడే కనిపిస్తుంది. అతను జాజ్ విని పెరిగినవాడు కాబట్టి కాంగా నడకనే స్వింగ్‌లోకి వంచాడు. స్లాప్ డ్రమ్మర్ హై హ్యాట్ (కాలితో మూసే జంట తాళాలు) మూసే రెండో బీటుతో కలిసిపోతుంది. తెరిచిన దెబ్బలు పొదుపుగా, బాస్‌కు అడ్డం రాకుండా పడతాయి. సోలో వాయించేవాడు ఒక వాక్యం ముగించి ఊపిరి తీసుకునే చోట చిన్న జవాబు వస్తుంది, అంతే, మళ్లీ వెనక్కి వెళ్లిపోతాడు. అమెరికాలో పుట్టి కాంగాను జాజ్‌లో ఇలా ఇమిడ్చిన మొదటివాళ్లలో అతన్ని చెప్పుకోవడం ఇందుకే.

శాక్సఫోన్ కళాకారుడు లూ డొనాల్డ్‌సన్ 'బ్లూస్ వాక్' పెట్టుకుని వినండి. 1958 జులైలో బ్లూ నోట్ కంపెనీకి రికార్డు చేశారు. హెర్మన్ ఫోస్టర్ పియానో, పెక్ మారిసన్ బాస్, డేవ్ బెయిలీ డ్రమ్స్, బరెట్టో కాంగా. తొందర లేని బ్లూస్ (నల్లజాతి అమెరికన్ల పాటల నుంచి వచ్చిన శైలి). బెయిలీ డ్రమ్స్ మీద చాలా తక్కువ వాయిస్తాడు, ఆ నడకలోని ఊపు సగం కాంగా నుంచే వస్తోంది. డొనాల్డ్‌సన్‌కు జీవితాంతం గుర్తింపు పాటగా నిలిచింది ఇదే.

తర్వాత గిటార్ కళాకారుడు కెన్నీ బరెల్ 'మిడ్‌నైట్ బ్లూ' వినండి, 1963 జనవరి నాటిది. ఇందులో పియానో లేదు. గిటార్, స్టాన్లీ టరెంటైన్ శాక్సఫోన్, మేజర్ హాలీ బాస్, బిల్ ఇంగ్లిష్ డ్రమ్స్, బరెట్టో. పియానో లేకపోవడంతో మధ్యలో పెద్ద ఖాళీ ఏర్పడింది. మొదటి పాట 'చిట్లిన్స్ కాన్ కార్నే' 12 బార్ల బ్లూస్. ఆ ఖాళీని నింపేయాలని ఎవరికైనా చేతులు దురదపెడతాయి. బరెట్టో నింపడు, దాన్ని ఖాళీగానే ఉంచి వెచ్చగా చేస్తాడు. అదే ఆల్బంలో 'సోల్ లామెంట్' గిటార్ ఒక్కటే ఉన్న పాట, కాంగా లేదు. దాని తర్వాత మళ్లీ లయ మొదలైనప్పుడు ఏం తిరిగొచ్చిందో మీ చెవే చెబుతుంది. పాడేవాళ్లు ఆలాపన చేస్తుంటే చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చుని, పల్లవి ఎత్తుకోగానే ఒక్క దెబ్బతో కచేరీని నిలబెట్టే మృదంగ విద్వాంసుణ్ని చూసినవాళ్లకు ఈ నిగ్రహం విలువ వేరే చెప్పక్కర్లేదు.

'తీసేయడం' గురించి ఇంకో సంగతి. ఈ రికార్డులు చేసింది సౌండ్ ఇంజినీర్ రూడీ వాన్ గెల్డర్. 1959 దాకా ఆయన స్టూడియో న్యూజెర్సీలోని హ్యాకెన్‌శాక్‌లో అమ్మానాన్నల ఇంటి ముందుగది. ఆ తర్వాత ఇంగిల్‌వుడ్ క్లిఫ్స్‌కు మారింది. అందరూ ఒకే గదిలో, ఒకేసారి వాయించేవాళ్లు, అది నేరుగా టేపు మీదికి వెళ్లేది. ఒక్కో వాద్యానికి ఒక్కో ట్రాకు, నచ్చకపోతే తర్వాత తీసేయడం అనే సౌకర్యం లేదు. కాంగా శబ్దం పక్కవాళ్ల మైకుల్లోకి కూడా వెళ్తుంది. అంటే టేకు అద్భుతంగా వస్తున్నప్పుడు కాంగా వాయించేవాడు ఒక్క దెబ్బ తప్పు వేస్తే అందరి పనీ పాడైపోతుంది. అంత టెన్షన్‌లో, రంగు పూసి పోయే మనిషిని నిర్మాతలు మళ్లీ మళ్లీ పిలుస్తారా? బరెట్టోను బ్లూ నోట్ పిలిచింది, ప్రెస్టీజ్ పిలిచింది, రివర్‌సైడ్ పిలిచింది. రెడ్ గార్లండ్, జీన్ ఆమన్స్, ఎడ్డీ డేవిస్, ఆలివర్ నెల్సన్, వెస్ మాంట్‌గొమరీ లాంటి వాళ్ల రికార్డుల వెనక అట్ట మీద అతని పేరుంది. అవును, పేరుంది. మన సినిమా పాటల పాత రికార్డుల మీద రిథమ్ వాయించినవాళ్ల పేర్లు మామూలుగా కనపడవు, ఆ జాజ్ కంపెనీలు మాత్రం అచ్చు వేశాయి.

సొంతంగా ఎదగలేనివాళ్ల పని అన్నదానికి జవాబు తేదీలే చెబుతాయి. 1957లో మాంబో నాయకుడు టీటో పుయెంతే బ్యాండులో మోంగో సాంతామరియా వదిలిన చోటు బరెట్టోకు దక్కింది. న్యూయార్క్‌లో అప్పుడు కాంగా వాయించేవాడికి అంతకు మించిన కొలువు లేదు. పుయెంతే 'డాన్స్ మేనియా'లో వాయించాడు. 'బ్లూస్ వాక్' కూడా అదే కాలంలో చేశాడు. గతి లేక సెషన్లకు వెళ్లలేదు, రెండు లోకాల వాళ్లూ కావాలనుకున్నారు కాబట్టి వెళ్లాడు. మాంబో వాళ్లకు కావాల్సింది ఒకటి, బ్లూస్ వాళ్లకు కావాల్సింది ఇంకొకటి. రెండిటినీ ఒకే చేతులతో చేసి చూపించడమే సెషన్ కళాకారుడి పనితనం.

ఇతనొక్కడే కాదు. ఒక్కడే మూడు కాంగాలు ముందు పెట్టుకుని వాయించిన కాందిదో కమేరో గిలెస్పీతో, స్టాన్ కెంటన్‌తో పనిచేసి 99 ఏళ్లు బతికాడు. అర్మాందో పెరాసా జాజ్ పియానో కళాకారుడు జార్జ్ షియరింగ్ దగ్గర ఏళ్ల తరబడి వాయించి, ఆ తర్వాత సాంతానా రాక్ బ్యాండులో దాదాపు రెండు దశాబ్దాలు ఉన్నాడు. వీళ్లను ఎదగనివాళ్లని ఎవరూ అనలేరు.

ఒక్క హిట్టు సంగతి త్వరగా తేల్చేయొచ్చు. 'ఎల్ వాతుసీ' 1963లో బిల్‌బోర్డ్ పట్టికలో 17వ స్థానం దాకా వెళ్లిన మాట నిజమే. ఆ తర్వాత? లాటిన్ రికార్డుల కంపెనీ ఫానియాలో చేరి 1968లో 'ఆసిడ్' చేశాడు. అందులో సోల్ సంగీతం, లాటిన్ లయ, జాజ్ అన్నీ ఒకే తాటి మీద నడుస్తాయి. ఆ కంపెనీ మేటి కళాకారుల బృందం ఫానియా ఆల్ స్టార్స్‌లో ముఖ్యుడు. 1972లో తన బ్యాండులోని చాలామంది వదిలి వెళ్లి 'తీపికా 73' పెట్టుకుంటే, మరుసటి ఏడాదే కొత్త బృందంతో 'ఇందెస్త్రుక్తిబ్లే' చేశాడు. క్యూబన్ గాయని సెలియా క్రూస్‌తో కలిసి చేసిన 'రిత్మో ఎన్ ఎల్ కొరసోన్'కు గ్రామీ వచ్చింది. 1992లో 'న్యూ వరల్డ్ స్పిరిట్' బృందం పెట్టి చివరిదాకా జాజే వాయించాడు. 2006లో అమెరికా ప్రభుత్వ కళల సంస్థ జాజ్ మాస్టర్ గౌరవం ఇచ్చింది. ఆ ఫిబ్రవరి 17న చనిపోయాడు. హిట్టు ఒకటే చార్టుల్లో నిలిచింది కాబట్టి మనిషి చేసింది ఒకటేనని లెక్కేయడం అన్యాయం.

లాటిన్ జాజ్‌ను పక్కకు నెట్టే ఈ చూపు పోస్టులు రాసేవాళ్లకే పరిమితం కాదు. 2011లో గ్రామీ నిర్వాహకులు విభాగాల సంఖ్యను 109 నుంచి 78కి తగ్గిస్తూ లాటిన్ జాజ్ ఆల్బం విభాగాన్ని ఎత్తేశారు. డ్రమ్మర్ బాబీ సనాబ్రియా, మరికొందరు కళాకారులు గట్టిగా ఎదురు తిరిగారు, కోర్టుకూ వెళ్లారు. 2012లో ఆ విభాగాన్ని తిరిగి పెట్టారు. అదనపు రంగు కోసం ఎవరూ అంత పోరాడరు.

ముందే చెప్పాను, పోస్టులో ఒక్క మాట నిజం ఉంది. వాయించి డబ్బు తీసుకుని వెళ్లిపోయేవాళ్లన్న మాట. సెషన్‌కు ఇంత అని యూనియన్ కట్టిన రేటు ఉండేది. రాయల్టీ బ్యాండు నాయకుడి ఒప్పందానికీ, పాట కట్టినవాళ్లకూ వెళ్లేది, కాంగా వాయించినవాడికి కాదు. 'బ్లూస్ వాక్', 'మిడ్‌నైట్ బ్లూ' ఇన్ని దశాబ్దాలుగా మళ్లీ మళ్లీ అచ్చవుతున్నా, వాటి నడకలో బరెట్టో చేతులు ఎంత ఉన్నా, పాట కట్టినవాళ్ల లెక్కలో అతనికి వాటా లేదు. ఇది వాళ్ల విలువ తక్కువని చెప్పే సాక్ష్యం కాదు. లయను రచన కింద లెక్కకట్టని ఆ వ్యాపారం మీద వేయాల్సిన నింద. పోస్టు రాసినవాళ్లు దాన్ని తీసుకొచ్చి డబ్బు సరిగా అందనివాళ్ల మీదే వేశారు.