1925 సంగతి కూడా రాయాల్సింది

ముంబై లోకల్ రైళ్ల చరిత్ర మీద మీ వ్యాసం చదివాను. 1853 ఏప్రిల్ 16న బోరీబందర్ నుంచి ఠాణేకు నడిచిన తొలి రైలు గురించి బాగా రాశారు. 34 కిలోమీటర్లు, 14 పెట్టెలు, మూడు ఇంజన్లు. కానీ ఆ ఆవిరి బండి దగ్గరే ఆగిపోయారు, నాకు అదే లోటనిపించింది.

ఈ రోజు మనం చూసే లోకల్ 1925 ఫిబ్రవరి 3న మొదలైంది. విక్టోరియా టెర్మినస్ నుంచి కుర్లా దాకా, మన దేశంలో మొదటి కరెంటు రైలు. ఆవిరి బండి తిరిగి వెళ్లాలంటే ఇంజన్ విప్పి అవతలి చివర తగిలించాలి. లోకల్‌కు రెండు చివర్లా డ్రైవరు గది ఉంటుంది. డ్రైవరు అటు మారితే చాలు, వచ్చిన దారినే వెళ్లిపోవచ్చు. ఆగగానే మళ్లీ వేగం అందుకుంటుంది కాబట్టి దగ్గర దగ్గర స్టేషన్లున్నా టైము పోదు.

మాది బల్లార్షా. మా పెదనాన్న పరేల్‌లో మిల్లు పని చేసేవారు. అద్దె తక్కువని కల్యాణ్ దగ్గర ఇల్లు తీసుకున్నారు. అంత దూరం నుంచి రోజూ షిఫ్టుకు అందుకున్నారంటే ఆ రైలు వల్లే. సెలవులకు ఊరొస్తే ఆ కబుర్లే చెప్పేవారు. ఇక్కడి నుంచి చంద్రపూర్‌కు రోజూ పనికెళ్లే మాకు కూడా అలాంటి బండి ఒకటి కావాలి.