ఫ్లాపీలు పారేయకండి: పాత గేముల గురించి తిరుగుతున్న మెసేజీకి జవాబు

పోయిన నెల మా అక్క అటక సర్దుతూ ఫోను చేసింది. "మన ఫ్లాపీల డబ్బా దొరికిందిరా. ఇవి ఇక ఏ కంప్యూటర్‌లోనూ నడవవట కదా, పాత సామాన్లవాడికి వేసేస్తున్నాను" అంది. ఎవరు చెప్పారని అడిగితే తనకు వచ్చిన మెసేజీ చదివి వినిపించింది. అదే మెసేజీ అప్పటికే నాకు రెండు గ్రూపుల్లో వచ్చింది. చూసి ఊరుకున్నాను. ఊరుకోవడం ఎంత పొరపాటో అక్క ఫోనుతో తెలిసింది.

మెసేజీలో ఉన్నది క్లుప్తంగా ఇది. 1980, 90ల నాటి కంప్యూటర్ గేములు ఇప్పటి 64 బిట్ విండోస్‌లో నడవవు. కొత్త ప్రాసెసర్ల వేగానికి అవి తట్టుకోలేవు. ఎమ్యులేటర్లు (పాత కంప్యూటర్‌ను అనుకరించే ప్రోగ్రాములు) దొంగ సాఫ్ట్‌వేర్, వాడితే నేరం, వైరస్‌లు కూడా వస్తాయి. ఎలాగోలా నడిచినా బొమ్మ, శబ్దం అసలువి కావు. ఆడాలంటే ఆనాటి కంప్యూటరే కొనుక్కోవాలి, లేదా పాత డిస్కులు పారేసి ఇల్లు ఖాళీ చేసుకోవాలి.

ఒక్కొక్కటిగా చూద్దాం.

64 బిట్ విండోస్‌లో నడవవు

ఇందులో సగం నిజం. ఆ గేముల్లో చాలావరకు విండోస్‌కు ముందు కంప్యూటర్లను నడిపిన డాస్ కోసం రాసినవి. డాస్ గేము ఫైలు మీద నేరుగా డబుల్ క్లిక్ చేస్తే ఈ కంప్యూటర్‌లో నడవదనే సమాధానమే వస్తుంది. 32 బిట్ విండోస్‌లో డాస్ ప్రోగ్రాములను నడిపించడానికి ఎన్‌టీవీడీఎం అనే భాగం ఉండేది. అది ప్రాసెసర్‌లోని 'వర్చువల్ 8086' అనే సదుపాయం మీద ఆధారపడింది. ప్రాసెసర్ 64 బిట్ పద్ధతిలో పనిచేస్తున్నప్పుడు ఆ సదుపాయం దొరకదు. అందుకే 64 బిట్ విండోస్‌లో ఆ భాగమే లేదు. 2021లో వచ్చిన విండోస్ 11కు 32 బిట్ రూపం కూడా లేదు.

కానీ ఎమ్యులేటర్ గేమును విండోస్ చేతిలో పెట్టదు. తానే పాత కంప్యూటర్ వేషం కడుతుంది. గేములోని ఆదేశాలను ఒక్కొక్కటిగా చదివి, ఆనాటి 386 ప్రాసెసర్ ఏమి చేసేదో అదే చేస్తుంది. గేము బొమ్మలు చూపించే వీజీఏ కార్డు కోసం వెతికితే వీజీఏ కార్డులా పలుకుతుంది. సౌండ్ బ్లాస్టర్ అనే సౌండ్ కార్డు కోసం వెతికితే దానిలా పలుకుతుంది. గేము సెటప్‌లో కార్డు చిరునామా అడిగినప్పుడు 220, ఐఆర్‌క్యూ 7, డీఎంఏ 1 అని ఎంచుకున్న చేతులకు ఇప్పుడూ అదే పని. ఆ మూడు అంకెలు ఇస్తే చాలు, శబ్దం వస్తుంది.

ఈ పని చేసే ఎమ్యులేటర్లలో అందరికీ తెలిసినది డాస్‌బాక్స్. 2002లో ఇద్దరు నెదర్లాండ్స్ ప్రోగ్రామర్లు విడుదల చేశారు. ఉచితం, సోర్స్ కోడ్ బహిరంగం. తన డాస్‌ను తనలోనే పెట్టుకుని వస్తుంది కాబట్టి ఎంఎస్-డాస్ వెతుక్కునే పని కూడా లేదు. ప్రాసెసర్‌ను కూడా తానే అనుకరిస్తుంది గనుక, ఇంటెల్ చిప్ లేని ఫోనులోనూ రాస్ప్‌బెరీ పై అనే చిన్న కంప్యూటర్‌లోనూ అవే గేములు నడుస్తాయి.

నడవవని నమ్మేవాళ్లు మన కళాశాలల ల్యాబుల్లోకి ఒకసారి తొంగి చూడాలి. ఇప్పటికీ చాలాచోట్ల సీ భాషను నీలి తెర మీద, టర్బో సీలో నేర్పుతున్నారు. అది డాస్ కాలపు ప్రోగ్రాము. 64 బిట్ విండోస్ ఉన్న కంప్యూటర్లలో విద్యార్థులు తెరిచే ఆ నీలి తెర వెనుక ఉన్నది డాస్‌బాక్సే. ఎమ్యులేటర్ పేరు ఎన్నడూ వినని పిల్లలు రోజూ దానిలోనే పని చేస్తున్నారు.

మెసేజీ రాసినవారు విండోస్ 95, 98 కాలపు గేముల గురించి మాట్లాడి ఉంటే నేను ఇంత గట్టిగా ఎదురు చెప్పేవాడిని కాదు. అక్కడ చిక్కులు నిజంగా ఉన్నాయి. సీడీ నకలు కాకుండా కాపాడే సేఫ్‌డిస్క్ వాడిన గేములను విండోస్ 10 నుంచి నడవనివ్వడం లేదు. భద్రతా లోపం వల్ల మైక్రోసాఫ్ట్ దాని డ్రైవర్‌ను తీసేసింది. కొన్ని గేములు 3డీఎఫ్ఎక్స్ అనే ఆనాటి గ్రాఫిక్స్ కార్డుల కోసమే రాసినవి. వాటికి డీజీవూడూ వంటి మధ్యవర్తి ప్రోగ్రాములు ఉన్నాయి. అదీ కుదరకపోతే 86బాక్స్ అనే ఎమ్యులేటర్ మొత్తం పెంటియం కంప్యూటర్‌నే అనుకరిస్తుంది, కానీ దానికి గట్టి ప్రాసెసర్ కావాలి. శ్రమ ఉంది, దారి మూసుకుపోలేదు.

కొత్త ప్రాసెసర్ వేగానికి తట్టుకోలేవు

ఈ మాట ఎక్కడ పుట్టిందో నాకు తెలుసు, అందుకే దీని దగ్గర కాస్త ఎక్కువసేపు నిలబడతాను. 1981 నాటి ఐబీఎం పీసీ వేగం 4.77 మెగాహెర్ట్జ్. ఆ కాలపు గేములు రాసినవారిలో చాలామంది గడియారం చూసుకోలేదు. 'ఇన్నిసార్లు ఊరికే తిరిగితే ఇంత సమయం గడుస్తుంది' అనే లెక్కతో రాశారు. యంత్రం వేగం పెరిగేసరికి ఆట పరుగందుకుంది. పాత డబ్బాల ముందు టర్బో అనే మీట ఉండేది, గుర్తుందా? పేరుకు టర్బో గానీ, దాని అసలు ఉపయోగం ఇలాంటి ప్రోగ్రాముల కోసం వేగం తగ్గించడమే.

ఎమ్యులేటర్‌లో ఆ మీట ఇంకా సున్నితంగా ఉంటుంది. డాస్‌బాక్స్‌లో 'సైకిల్స్' అనే అంకె ఒకటి ఉంది. ఒక మిల్లీసెకనులో ఎన్ని ఆదేశాలు నడపాలో అది చెబుతుంది. 3000 అని పెడితే సెకనుకు ముప్పై లక్షల ఆదేశాలన్నమాట. ఆట నడుస్తుండగానే కంట్రోల్‌తో ఎఫ్11 నొక్కితే తగ్గుతుంది, ఎఫ్12 నొక్కితే పెరుగుతుంది. 1993 నాటి డూమ్‌కు ఇరవై వేల పైన ఇస్తే హాయిగా నడుస్తుంది. 80ల మొదట్లోని ఆటకు కొన్ని వందలు చాలు.

దీనికి మా ఇంట్లోనే ఉదాహరణ దొరికింది. ఆ డబ్బాలో అక్క డిగ్రీ చదివేటప్పుడు ప్రాజెక్టుగా రాసిన వైకుంఠపాళి ఉంది. టర్బో పాస్కల్ అనే డాస్ కాలపు ప్రోగ్రామింగ్ సాధనంలో రాసింది. నా డాస్‌బాక్స్‌లో వేగం 'గరిష్ఠం' అని పెట్టి ఉంది. ఆట మొదలుపెట్టగానే ఒక్క వరుస వచ్చి ఆగిపోయింది: రన్‌టైమ్ ఎర్రర్ 200, సున్నాతో భాగహారం. అక్క కోడ్‌లో ఎక్కడా సున్నాతో భాగించడం లేదు. తప్పు టర్బో పాస్కల్‌తో వచ్చే సీఆర్‌టీ అనే యూనిట్‌ది, అంటే ముందే రాసిపెట్టిన కోడ్ భాగానిది. ప్రోగ్రాము మొదలవగానే అది యంత్రం వేగం కొలుస్తుంది. 55 మిల్లీసెకన్లలో ఖాళీ చక్రం ఎన్నిసార్లు తిరిగిందో లెక్కపెట్టి, ఆ సంఖ్యను 55తో భాగిస్తుంది. భాగఫలం 65,535 దాటితే 16 బిట్ల గదిలో పట్టదు. ప్రాసెసర్ దానిని కూడా సున్నా భాగహారం తప్పు కిందే చూపిస్తుంది. 90ల చివర్లో పెంటియం 2 యంత్రాలు వచ్చినప్పుడు ఎన్నో మంచి ప్రోగ్రాములు ఇలాగే ఆగిపోయాయి. నేను సైకిల్స్ 3000కు దించి మళ్లీ నడిపాను. నిచ్చెనలు, పాములు, పైన వైకుంఠం గడి, అన్నీ వరుసగా గీసుకుంటూ వచ్చాయి. స్పేస్ నొక్కితే పాచిక పడింది.

వేగం చేసిన గాయానికి మందు వేగం తగ్గించడమే. ఆ పని అసలు యంత్రం కన్నా ఎమ్యులేటర్‌లోనే సులువు.

బొమ్మా శబ్దమూ అసలువి కావు

బొమ్మ సాగినట్లు కనబడటానికి కారణం ఎమ్యులేటర్ కాదు, మన వెడల్పు తెర. 256 రంగుల గేములు చాలావరకు 320 అడ్డం, 200 నిలువు చుక్కలతో గీసినవి. ఆనాటి తెర నిష్పత్తి 4:3 కాబట్టి ఒక్కో చుక్క వెడల్పు కన్నా కాస్త పొడుగ్గా, 1.2 రెట్లు కనబడేది. చిత్రకారులు ఆ పొడుగును దృష్టిలో పెట్టుకునే గీశారు. డాస్‌బాక్స్ సెట్టింగుల్లో ఆస్పెక్ట్ అనే వరుసకు ఎదురుగా ట్రూ అని రాస్తే ఆ రూపం తిరిగి వస్తుంది. 1600, 1200 కొలతకు పెంచితే ఒక్కో చుక్క అడ్డంగా సరిగ్గా అయిదు రెట్లు, నిలువుగా ఆరు రెట్లు అవుతుంది. అంచులు మసకబారవు.

శబ్దం విషయంలో మెసేజీ మరీ అన్యాయంగా మాట్లాడింది. ఆనాటి సంగీతాన్ని పలికించిన యమహా ఓపీఎల్ చిప్పులను ఔత్సాహికులు విప్పి, లోపలి సిలికాన్‌ను ఫోటోలు తీసి, సర్క్యూట్ చదివి ఎమ్యులేటర్లు రాశారు. ఖరీదు వల్ల మనలో చాలామంది ఎన్నడూ వినని రోలాండ్ ఎంటీ-32 అనే పరికరం సంగీతాన్ని కూడా ఇప్పుడు మంట్ అనే ప్రోగ్రాముతో వినవచ్చు.

ఒక్కటి మాత్రం ఒప్పుకోవాలి. పాత గాజు తెర మెరుపు, దాని మీద చుక్కలు ఒకదానిలోకి ఒకటి కరిగే తీరు, ఇవి పూర్తిగా రావు. దగ్గరగా తెచ్చే ఫిల్టర్లు ఉన్నాయి, నేనూ వాడతాను. అయినా తేడా తెలుస్తుంది. ఆ తేడా కోసం ఆటనే వదులుకోమనడం న్యాయం కాదు.

ఎమ్యులేటర్ వాడటం నేరం, పైగా వైరస్

ఎమ్యులేటర్ వేరు, గేము వేరు. ఈ రెండింటినీ కలిపేయడం వల్లే భయం పుడుతోంది. అమెరికాలో ప్లేస్టేషన్ ఎమ్యులేటర్ మీద సోనీ వేసిన దావాలో 2000లో అప్పీలు కోర్టు ఎమ్యులేటర్ తయారుచేసిన కనెక్టిక్స్ పక్షాన నిలిచింది. మన కాపీరైట్ చట్టం 1957లోని 52వ సెక్షన్ కూడా, న్యాయంగా తన దగ్గర ఉన్న ప్రోగ్రాము పాడైపోకుండా భద్రత కోసం నకలు తీసుకునే వెసులుబాటు ఇస్తుంది.

నేరం ఎక్కడ ఉందో కూడా స్పష్టంగా చెప్పాలి. దొంగ నకలని తెలిసీ కంప్యూటర్ ప్రోగ్రామును వాడటం అదే చట్టంలోని 63బి సెక్షన్ కింద శిక్షార్హం. 'పాత గేము కదా, ఎవరూ పట్టించుకోరు, కాబట్టి ఉచితం' అనే మాటకు చట్టంలో చోటు లేదు. పాతబడినంత మాత్రాన హక్కు పోదు. అలాంటప్పుడు న్యాయమైన దారి ఏమిటి? 2008 నుంచి పోలండ్‌కు చెందిన జీఓజీ అనే ఆన్‌లైన్ దుకాణం పాత గేములను కొని ఆడుకునేలా అమ్ముతోంది. వాటిలో ఎన్నో డాస్‌బాక్స్ కలిపి కట్టినవే, అంటే హక్కుదారులే ఎమ్యులేటర్‌తో వ్యాపారం చేస్తున్నారు. 'బినీత్ ఎ స్టీల్ స్కై' వంటి కొన్ని గేములను తయారీదారులే ఉచితం చేశారు, పాత గేములను నడిపే స్కమ్‌వీఎం అనే ప్రోగ్రాము వెబ్‌సైట్ నుంచి దించుకోవచ్చు.

వైరస్ ఎమ్యులేటర్ నుంచి రాదు, ఊరూ పేరూ లేని చోట దించుకున్న ఫైళ్ల నుంచి వస్తుంది. పాత డాస్ వైరస్ ఫ్లాపీలో ఉన్నా, డాస్‌బాక్స్‌లో మీరు చూపించిన ఫోల్డరు వరకే దాని చేయి అందుతుంది. అందుకే గేముల కోసం వేరే ఫోల్డరు పెట్టుకుని దానినే చూపించండి. మొత్తం సీ డ్రైవును ఎప్పుడూ చూపించకండి.

ఆనాటి కంప్యూటరే కొనుక్కోవాలి

కొన్నాను. నాలుగేళ్ల క్రితం ఒక పాత సామాను దుకాణంలో 486 యంత్రం, 'బాగా పనిచేస్తుంది' అంటే నమ్మి తెచ్చాను. మూత తీస్తే మదర్‌బోర్డు మీద పీపా ఆకారంలోని బ్యాటరీ కారి, చుట్టూ పచ్చటి పొక్కులు కట్టి ఉన్నాయి. గోరుతో తాకితే రాగి గీతలు పొడిలా రాలాయి. ఆ కాలపు బోర్డుల్లో ఇది మామూలు జబ్బు. సరదా ఉన్నవారు అలాంటి యంత్రాలను బాగు చేసుకోవడం నాకూ ఇష్టమే. కానీ అందరికీ అదొక్కటే దారి అని చెప్పడం, ఏటా తగ్గిపోతున్న ఇనుప డబ్బాలకు ఆటల ఆయుష్షును కట్టిపడేయడమే.

పాత డిస్కులు పారేయండి

మెసేజీలో నాకు అన్నిటికన్నా కోపం తెప్పించింది ఈ సలహా. ఎమ్యులేటర్ ఎన్నేళ్లయినా ఎదురుచూస్తుంది. ఫ్లాపీ ఎదురుచూడదు. దాని అయస్కాంత పూత ఏటికేడు బలహీనపడుతుంది, మన వానాకాలపు తేమకు బూజు పడుతుంది. మూడున్నర అంగుళాల ఫ్లాపీలకు యూఎస్‌బీ డ్రైవు చాలు. అయిదుంబావు అంగుళాల వాటికి పాత డ్రైవుతో పాటు గ్రీజ్‌వీజల్ వంటి చిన్న బోర్డు కావాలి. ఫైళ్లు మాత్రమే కాకుండా డిస్కు మొత్తాన్ని ఒకే ఫైలుగా, అంటే ఇమేజ్‌గా తీయండి. ముందు ఫ్లాపీ మీద రాయకుండా ఆపే మీటను తప్పక జరపండి. బూజు కనబడితే డ్రైవులో పెట్టకండి, డ్రైవు తల పాడవుతుంది. తీసిన నకలు రెండు చోట్ల దాచండి.

అక్క డబ్బాలో మొత్తం 22 ఫ్లాపీలు. 17 పూర్తిగా చదవగలిగాను. మూడింటిలో కొన్ని ఫైళ్లు దక్కాయి. మిగిలిన రెండింటికి డ్రైవు టకటకమని ఒకే చోట కొట్టుకుంటూ ఉండిపోయింది. వాటిలో ఒకదాని మీద అక్క చేతిరాతతో చీటీ ఉంది: "వైకుంఠపాళి, నలుగురు ఆడేది."