వెనీర్ పట్టీ గారికి ఒక ప్లైవుడ్ గృహస్థు రాయునది

మహారాజశ్రీ టేకు వెనీర్ పట్టీ గారి సముఖానికి,

ఉభయకుశలోపరి. ప్లైవుడ్ అంచులకి అతికించే పలచటి టేకు చెక్క పట్టీగా తమరు మా ఇంటికి వచ్చి నేటికి మూడు ఆదివారాలు. చుట్ట చుట్టుకుని చిన్న అట్టపెట్టెలో దిగిన రోజు కొత్త అల్లుడు వచ్చినంత సంబరపడ్డాం. వెడల్పు 22 మిల్లీమీటర్లు, మందం చూస్తే అర మిల్లీమీటరు. మా పుస్తకాల అలమర ప్లైవుడ్ మందం 19. అటూ ఇటూ ఒకటిన్నర చొప్పున ఎక్కువే తెచ్చుకున్నారు. అల్లుడన్నాక ఆ మాత్రం ఉంటుందిలే అనుకున్నాను.

తమరి అవసరం ఎందుకొచ్చిందో దాచను. మా ప్లైవుడ్ ఎదురుగా చూస్తే టేకు. పక్కకు తిప్పితే తాపేశ్వరం కాజా. ఒక పొర నిలువు, ఒక పొర అడ్డం, మధ్యలో అక్కడక్కడా కన్నాలు. మా తాతగారి బీరువాకి ఈ బాధ లేదు. ఎక్కడ కోసినా టేకే. నాకేమో పైన పటారం, లోన లొటారం. ఆ లొటారం మీద కప్పడానికి తమరు.

వెనకాల జిగురు పూసుకునే వచ్చారు కదా, ఇస్త్రీ పెట్టె చూపిస్తే అతుక్కుంటారని కొట్టతను చెప్పాడు. నిజమే. ఎంత సేపు చూపించాలో మాత్రం చెప్పలేదు. మొదటి అర అంచుకి పెట్టెని గబగబా లాగేశాను. తెల్లారేసరికి తమరు గాల్లో వేలాడుతున్నారు. రెండో అరకి ఒక్కచోటే నిలిపాను. మాడిన అట్టు వాసన వచ్చింది. మూడోదానికి గాని కిటుకు తెలియలేదు. నీళ్లు తీసేసి, ఆవిరి లేకుండా, కాటన్ వేడి మీద నెమ్మదిగా జరపాలి. వెంటనే ఒక చెక్కముక్కతో చల్లారేదాకా రుద్దాలి. అసలు పట్టు కుదిరేది ఆ చల్లారేటప్పుడే. మధ్యలో ఒక కాగితం వేసుకోవాలని మా ఆవిడ తెల్ల చుడీదార్ మీద గోధుమరంగు జిగురు చార పడ్డాక తెలిసింది. ఆ పెట్టె ఇప్పుడు శాశ్వతంగా నాదే. ఆవిడకి కొత్తది కొన్నాను. ఈ ఖర్చు కూడా తమరి లాంఛనాల ఖాతాలోనే రాశాను.

ఇక ఆ ఒకటిన్నర మిల్లీమీటర్లు. ఉలి చదునైన వైపు బోర్డు మీద ఆనించి చెక్కుతూ వస్తే జీడిపప్పు పొట్టులా ఊడొస్తారు. అది చెక్క గీతలు తమరికి అనుకూలంగా ఉన్నప్పటి మాట. లేకపోతే పీచు లోపలికి చీలి పట్టీలో పావు వంతు పట్టుకుపోతుంది. అప్పుడు ఎదురు దిక్కు నుంచి చెక్కితే ఎంత బుద్ధిగా వస్తారో! 180 నంబరు సాండ్ పేపర్ దగ్గర కూడా ఇదే అలక. పట్టీని బోర్డు వైపు నొక్కుతూ రుద్దితే సరి, బయటికి లాగామా, లేచిపోతారు. ఆ కోపంలో ఇంకో నాలుగు సార్లు గట్టిగా రుద్దాను. బోర్డు మీది టేకు కూడా అరిగి, కింద ఎర్రటి పొర పళ్లికిలించింది. ఆ చోట ఇప్పుడు నిఘంటువు పెట్టాం.

ఇంకో సంగతి దీపం వెలుగులో కనిపించింది. తమరు ఒక్క ముక్క కాదు! మధ్యమధ్య దువ్వెన పళ్లు ఒకదాంట్లో ఒకటి దూర్చినట్టు అతుకులున్నాయి. మా అతుకు దాచడానికి వచ్చినవారి ఒంటినిండా అతుకులే అని తెలిశాక నాకు కాస్త ధైర్యం వచ్చింది.

ఇప్పుడు అసలు ఫిర్యాదు. తమరు చుట్టాలు చూసే వైపే ఎందుకుంటారు? వెనకటి అద్దె ఇంట్లో పార్టికల్ బోర్డు (చెక్కపొట్టు జిగురుతో నొక్కి చేసిన పలక) కప్‌బోర్డు ఒకటుండేది. ఎదుట అంచులన్నీ నిగనిగలాడేవి. నేలకి ఆనే అడుగు అంచు మాత్రం బోసిగా వదిలేశారు. "కింద ఎవరు చూస్తారు సార్?" అన్నాడట చేసినాయన. నీళ్లు చూశాయి. ఒక్క వానాకాలానికే అడుగు పూరీలా పొంగి, తలుపు పడితే తెరుచుకోలేదు, తెరిస్తే పడలేదు.

తమరు కూడా నీళ్లని ఆపే మొనగాళ్లేం కాదు, వార్నిష్ పడాల్సిందే. అయినా ఈసారి నా అలమరకి అడుగున, గోడవైపున కూడా తమరినే అతికిస్తున్నాను. పక్క అంచులు ముందు, ఎదుటి అంచు చివర, అతుకు ఎదురుగా కనపడకుండా. (చూశారా, నేనూ చుట్టాల కోసమే ఆలోచిస్తున్నాను.) అలిగి లేచిన మూలలకి మళ్లీ వేడి చూపిస్తే అతుక్కుపోతున్నారు. ఈ ఒక్క గుణం మా అసలు అల్లుడికి లేదు.

ఇంకా గోడవైపు అంచు ఒక్కటే మిగిలింది. దానికి నాలుగున్నర అడుగులు కావాలి. చుట్టలో ఉన్నది నాలుగు. మిగతా అరడుగుకి పాత ముక్కలు అతుకు వేస్తాను. తమరికి కొత్తేం కాదు కదా.

ఇట్లు,
రెండు ఇస్త్రీ పెట్టెల ఇంటి యజమాని