మా మండువా మీద ఎగిరిన డ్రోన్‌కి

డ్రోన్ గారూ,

మీ ఒంటి బరువు పావుకిలో కూడా లేదట. 2021 డ్రోన్ రూల్స్‌లో 250 గ్రాముల దాకా నానో అన్నారు, నడిపేవాడికి లైసెన్స్ కూడా అక్కర్లేదు. పావుకిలో వంకాయలంత మీరొచ్చారని మా ఇంట్లో రెండ్రోజులు కుక్కర్ పెట్టనివ్వలేదు. విజిల్ డిస్టర్బెన్స్ అట.

కోనసీమలో ఇంకా కూలకుండా నిలబడ్డ మండువా లోగిలి కదా, డాక్యుమెంటరీ తీస్తామన్నారు మీ కుర్రాళ్లు. ముందు ప్లాస్టిక్ కుర్చీలు దొడ్లోకి పోయాయి. తర్వాత వాషింగ్ మెషీన్, నైలాన్ తాడు మీది బట్టలు. వైఫై డబ్బాకి ఇత్తడి బిందె అడ్డం పెట్టారు. మా మామ్మ చేత నైటీ మార్పించి, పట్టుచీర కట్టించి, ఉయ్యాల బల్ల మీద కూర్చోబెట్టి "నేచురల్‌గా ఉండండి మామ్మగారూ" అన్నారు. తీరా సినిమాలో ఒక గంభీరమైన గొంతు: "ఇక్కడ కాలం ఆగిపోయింది." ఆగదూ మరి? గోడ గడియారం కూడా తీసేశారుగా, ప్లాస్టిక్‌ది బాలేదని!

ఇక మీరు. గుయ్యిమని లేచి, నడినెత్తిన నిలబడి, ఎర్రటి పెంకుల మధ్య నలుచదరపు కన్నం చూపించారు. ఎంత బావుందో, మా ఇల్లని మేమే గుర్తుపట్టలేదు. కాకులు మాత్రం మిమ్మల్ని బాగానే గుర్తుపట్టాయి.

వాన పడితే నాలుగు చూరుల నీళ్లూ ఆ కన్నంలోంచి మండువాలోకి దూకుతాయండీ. తూముకి కొబ్బరి పీచు అడ్డం పడిందంటే నీళ్లు వసారా ఎక్కుతాయి. అమ్మ కుచ్చిళ్లు దోపుకుని, మోచేతి దాకా తూములో చెయ్యి పెట్టి లాగుతుంది. గుడగుడమని దిగుతాయి. ఆ చప్పుడు మీ సినిమాలో లేదు. మీకు మైకే లేదట కదా, అందుకే వీణ పెట్టారు.

ఫ్రాన్స్‌లో బోర్డో దగ్గర రెమ్ కూల్‌హాస్ అనే ఆర్కిటెక్టు డిజైన్ చేసిన ఇల్లొకటి 1998లో పూర్తయింది. దాని మీద 2008లో బేకా, లెమోయిన్ అనే ఇద్దరు సినిమా తీశారు. ఆర్కిటెక్టుని పక్కన పెట్టి, ఇల్లు శుభ్రం చేసే గ్వాడలూపే వెనకాల తిరిగారు. ఆవిడ వాక్యూమ్ క్లీనర్ మోసుకుంటూ గుండ్రటి మెట్లు ఎక్కుతుంది. ఇల్లు ఎక్కడెక్కడ కారుతోందో కూడా కనిపిస్తుంది. అంత పేరున్న ఇల్లూ కారుతుందని చెబితే మా అమ్మ మొహంలో ఎంత తృప్తో!

సరే, చిన్న సాయం. మీరు రాకముందే కోతులు ఈశాన్యం వైపు పెంకులు కెలికేశాయి. పైకెక్కి చూడ్డానికే ఒక రోజు కూలీ అడుగుతున్నాడు పెంకులు సర్దే అతను. కప్పు వీడియో మీ దగ్గర 4కేలో ఉందిగా, ఎన్ని జరిగాయో, ఎన్ని పగిలాయో లెక్కపెట్టి పంపండి. వీణ అక్కర్లేదు.

ఇట్లు,
ఆ కప్పు కింద ఉండేవాళ్లు