పిన్ని రొట్టెలు తినకుండ పోయినోళ్ళ గురించి

పొద్దున మొదలైన కోపం పొద్దుగూకినా తగ్గుతలేదు, అందుకే రాస్తున్న. మా పిన్ని వంటింట్ల ఒక గంప ఉన్నది. అందుల గుడ్డ కప్పి 60 జొన్న రొట్టెలు. తెల్లారి నాలుగింటికి లేచి ఒక్కతే కూచోని కొట్టింది. 14 మంది వస్తరని నేనే చెప్పిన. 14 మంది వచ్చిండ్రు, ఊర్ల తిరిగిండ్రు, పోయిండ్రు. గంప మీది గుడ్డ ఎవరూ తియ్యలే.

హైదరాబాద్ నుంచి ఒక నడక టూరు వచ్చింది. ఎవరూ చూడని వీధులు చూపిస్తం, అక్కడి తిండి తినిపిస్తం అని చెప్పి మనిషికింత అని వసూలు చేసుకున్నరు. వాళ్ళెవరో రాయను. మా చిన్నాయిన కొడుక్కు తెలిసినోళ్ళు. "అక్కా, గద్వాల గల్లీ గల్లీ నీకు తెలుసు, నువ్వే తిప్పు" అన్నడు. నేను ఒక్క పైస అడగలే. మన ఊరు చూడనీకి పైసలు పెట్టుకొని వస్తున్నరంటే నాకు పండుగే గదా. వారం రోజులు ఆ దారి మళ్ళ మళ్ళ నడిచి చూసుకున్న. ఆరింటికి కోట దర్వాజ, ఏడున్నరకు ఉగ్గాని బండి, తర్వాత మగ్గాలుండే వీధి, ఎండ ముదరకముందే చెన్నకేశవస్వామి గుడి, పదకొండింటికి పిన్ని ఇంట్ల రొట్టె.

ఆరింటికి రమ్మంటే ఎనిమిదిన్నరకు బస్సు దిగిండ్రు. సరే, దూరం నుంచి వచ్చిండ్రు అనుకున్న. దర్వాజ కాడ నలభై నిమిషాలు ఫోటోలు. ఒకరి తర్వాత ఒకరు, తర్వాత అందరు గలిసి, తర్వాత ఒంటరిగ, తర్వాత అటు తిరిగి. లోపలికి పోదామంటే ఒకాయన అన్నమాట చెవుల ఇంకా గుచ్చుతున్నది: "ఇది గోల్కొండ లెక్క ఏం లేదు గదా, మట్టిగోడలే గదా."

అవును, మట్టిగోడలే. గద్వాల సంస్థానం రాజు సోమనాద్రి కట్టించిన మట్టికోట అది. ఇన్ని వందల వానలకు తడిసి ఇంకా నిలబడ్డ మట్టి. దాని లోపల గుడి ఉన్నది, మహారాణి ఆదిలక్ష్మీదేవమ్మ పేరు మీద సర్కారు డిగ్రీ కాలేజీ ఉన్నది. సంస్థానం పోయినంక ఆ కోటల పల్లె పిల్లలు పుస్తకాలు పట్టుకొని నడుస్తున్నరు. నేను చూపియ్యాలనుకున్నది గదే. టికెట్ గది, గడ్డి పచ్చిక, సాయంత్రం లైట్లు, ఇవేవీ లేకుండ ఒక కోట ఇంకా పనికొస్తున్నది. అది చెప్పనీకి నోరు తెరిచే లోపలనే బృందం లీడర్ గడియారం చూసుకొని "నెక్స్ట్ ఏముంది మేడం" అన్నడు.

నెక్స్ట్ ఉగ్గాని.

తెలియనోళ్ళ కోసం చెప్త, మా నడిగడ్డోళ్ళకు, అంటే ఈ రెండు నదుల నడిమి గద్వాల దిక్కోళ్ళకు, చెప్పక్కర్లే. బొరుగులు నీళ్ళల్ల వేసి, మెత్తగయ్యీ కాకముందే తీసి పిండాలె. ఒక్క నిమిషం ఎక్కువైతే ముద్దయితది, తక్కువైతే నోట్ల కరకరమంటది. ఉల్లిగడ్డ, పచ్చిమిరపకాయ, పసుపు తిరగమోత పెట్టి, బొరుగులు కలిపి, మీద పుట్నాల పొడి చల్లాలె. పక్కన వేడి వేడి మిరపకాయ బజ్జీ. ఇది కర్నూలు దిక్కు ఉన్నది, రాయచూరు దిక్కు ఉన్నది, మా దిక్కు ఉన్నది. కృష్ణ ఇటు, తుంగభద్ర అటు, నడుమ మేము. మా మాటల కన్నడం కలుస్తది, సీమ యాస కలుస్తది, తెలంగాణ ఎట్లాగూ ఉన్నది. ఒక్క ప్లేటు ఉగ్గాని తింటే ఈ గడ్డ ఎక్కడుందో నాలుకకు తెలుస్తది, పటం చూడక్కర్లే.

బండాయన వీళ్ళ కోసం రెండో వాయి బజ్జీలు ఆపి పెట్టిండు. పొద్దటి గిరాకీ అంత ఎనిమిదింటికే అయిపోతది, వీళ్ళు వస్తరని తొమ్మిదిన్నర దాకా పొయ్యి ఆర్పకుండ కూసున్నడు. ఒకామె ప్లేట్ల చూసి "మరమరాల ఉప్మానా?" అన్నది. ఇంకొకామె "ఇడ్లీ లేదా?" అన్నది. లీడర్ ఏ నీళ్ళు వాడుతరని బండాయన మొఖం మీదనే అడిగిండు. నాకు తల కొట్టేసినట్టయింది. ఇరవై ఏండ్ల నుంచి ఆయన చేతి ఉగ్గాని తిని బడికి పోయిన పిల్లలు ఇప్పుడు ఉద్యోగాలు చేస్తున్నరు. ఇడ్లీ కావాలంటే హైదరాబాద్ల గల్లీకి నాలుగు టిఫిన్ సెంటర్లు ఉన్నయి, దానికి గద్వాల దాకా రావాల్నా? మొత్తం మీద తిన్నది ఇద్దరు. అందుల ఒక పిల్లగాడు, ఇంజనీరింగ్ చదువుతున్నట్టున్నడు, రెండో ప్లేటు అడిగి "అన్నా, ఈ పొడిల ఏమేస్తరు" అని పక్కన నిలబడి తెలుసుకున్నడు. వాని కోసమన్నా వచ్చినందుకు సంతోషపడ్డ.

ఇగ మగ్గాల వీధి. ఇది రాయాలంటే చేతులు వణుకుతున్నయి.

గద్వాల చీర అంటే అందరికీ తెలుసు, కట్టుకుంటరు, పెండ్లిళ్ళల్ల పెడుతరు. అది ఎట్లయితదో చూసినోళ్ళు తక్కువ. ఒళ్ళంత నూలు, అంచు పట్టు, కొంగు పట్టు. నూలుకూ పట్టుకూ లాగుడు వేరు, బరువు వేరు. ఆ రెండింటిని నేతల్నే కలపాలె. దాన్ని కుప్పడం అంటరు. మూడు నాడెలు (అడ్డం పోగును అటూ ఇటూ తీసుకపోయేవి): ఒకటి నడిమి నూలుకు, రెండు అటూ ఇటూ అంచులకు. పేక, అంటే అడ్డం పోగు, పడ్డ ప్రతిసారి ఒంటి నూలు అంచు పట్టును పట్టుకోవాలె. ఒక్కసారి తప్పితే అక్కడ సందు పడ్తది. అందుకే గుంట మగ్గం మీద ఒక్కరితో అయ్యే పని గాదు, పక్కన ఇంకొకరు కూసోవాలె. ఎక్కువ ఇండ్లల్ల ఆ పక్కన కూసునేది ఇంటామె. చీర మీద ఆమె పేరు ఎక్కడా ఉండదు.

ఏటా తిరుమల బ్రహ్మోత్సవాలకు శ్రీవారికి పోయే ఏరువాడ జోడు పంచెలు కూడ మా గద్వాల మగ్గం మీదనే నేస్తరు, సంస్థానం నాటి నుంచి వస్తున్న ఆనవాయితీ. 41 రోజులు నిష్ఠతోటి నేస్తరు. మగ్గం అంటే మా ఊర్ల అంత పవిత్రం. చెప్పులు బయట విడిచి, నేసే మనిషి పిలిస్తే తప్ప గుంట దగ్గరికి పోము. చిన్నప్పుడు మేము దోస్తుల ఇండ్లల్ల ఆడుకునేటప్పుడు గూడ మగ్గం ఉన్న గదిల పరుగెత్తేటోళ్ళం గాదు.

మేము పోయిన ఇంటాయన రాజోలి మనిషి. 2009 అక్టోబర్ల తుంగభద్ర పొంగి రాజోలి మునిగినప్పుడు ఆయన మగ్గం గుంటల మనిషి లోతు బురద నిండింది. అక్కడ మళ్ళ లేపలేక ఇక్కడికొచ్చి కిరాయి ఇంట్ల మొదలుపెట్టిండు. ఆయన నూలు సంగతి చెప్తున్నడు, చాయ తేనీకి ఇంటామె లోపలికి పోయింది. ఆయన లేచి రంగు పోగులు చూపియ్యనీకి అటు తిరిగిండో లేదో, ఒకామె గబగబ పోయి మగ్గం మీద కూసున్నది. గుంటల కాళ్ళు పెట్టింది. ఎవర్నీ అడగలే. "తీయ్ తీయ్" అని ఫోన్ ఇచ్చి, తొక్కుడు చెక్క తొక్కి, నాడె విసిరింది. పట్టు పడుగు పోగులు, అంటే నిలువు పోగులు, పది పన్నెండు పటపట తెగినయి.

ఆమె నవ్వింది. "అయ్యో, ఇంత డెలికేటా" అన్నది.

ఆయన "పర్లేదమ్మా" అన్నడు. మనోళ్ళ నోట్లకెల్లి వచ్చే ఈ పర్లేదమ్మా ఉన్నది చూడండ్రి, అది వింటే నాకు ఏడుపొస్తది. తెగిన ఒక్కొక్క పోగును వెతికి, దువ్వెన లెక్కుండే పన్నెలకెల్లి మళ్ళ తీసి, ముడి వెయ్యాలె. ముడి కనపడితే చీర ధర తగ్గిస్తరు. ఆ తర్వాత ఆమెనే చీర రేటు అడిగి, "డైరెక్టుగా కొంటున్నం గదా, ఇంకా తగ్గించాలె" అని బేరమాడింది. కొనలే. బస్సెక్కింది. మేము అక్కడికెల్లి బయలుదేరేసరికి ఆలుమగలు ఇద్దరూ ఆ పడుగు మీద వంగి ఉన్నరు. ఇస్తనన్న చాయ అట్లనే చల్లారిపోయింది.

పది గంటల నలభైకి లీడర్ "ఇంకేమన్న ఉందా చూడనీకి" అన్నడు. గుడి ఉన్నది అన్న. పిన్ని రొట్టెలున్నయి అన్న. "లేట్ అయితది, అలంపురం పోవాలె, తిండి కర్నూలు దిక్కు చూసుకుంటం" అన్నడు. తిండి అని పేరు పెట్టి, తిండికి గూడ పైసలు తీసుకొని, తిండి ఉన్న ఇంటికి రెండు వీధుల దూరంల నిలబడి, టైం లేదన్నడు. నలభై నిమిషాలు దర్వాజ కాడ ఫోటోలకు టైం ఉండె.

సాయంత్రం వాళ్ళ పేజీల ఫోటోలు పెట్టిండ్రు. హైవే మీద ఏదో దాబా. బల్ల మీద నాన్, పనీర్ బటర్ మసాలా, జీరా రైసు. కింద "గద్వాల రుచులు" అని రాసిండ్రు.

నాకు ఇరవై రెండేండ్ల కిందటి హాస్టల్ యాదికొచ్చింది. హైదరాబాద్ల చదివేటప్పుడు అమ్మ డబ్బా పంపేది, జొన్న రొట్టె, పుండికూర (గోంగూర), పల్లి కారం. రూములో ఒకామె "మీ దగ్గర అన్నం దొరకదా?" అని అందరి ముందర అడిగింది. అప్పట్ల మా జిల్లా పాలమూరు అంటే వలస, కరువు, లేబర్, అంతే. దేశంల ఎక్కడ డ్యాం కట్టినా పాలమూరు కూలీల చెమట ఉన్నది, ఆ కూలీలు గట్టిగ నిలబడ్డది ఈ రొట్టె తినే. నాకు అప్పుడు జవాబు రాలే. మంచం మీద దుప్పటి కప్పుకొని తిన్న. ఇప్పుడు షుగర్ వచ్చినోళ్ళందరికీ డాక్టర్లు జొన్న రొట్టె తినుమంటున్నరు, అదే హైదరాబాద్ల రోడ్డు పక్కన రొట్టెలమ్మే అక్కల కాడ కార్లు ఆగుతున్నయి. నన్ను అడిగినామె గూడ ఇప్పుడు తింటుండొచ్చు.

లేదు అనుడు మాకు కొత్త గాదు. తెలంగాణల కవులే లేరని ఒకాయన రాస్తే, మా నడిగడ్డ బిడ్డ సురవరం ప్రతాపరెడ్డి 1934ల 354 మంది కవులను ఒక్క పుస్తకంల పెట్టి గోలకొండ కవుల సంచిక అచ్చు వేసిండు. ఆయనది ఇటిక్యాలపాడు, మా జిల్లానే. విద్వద్గద్వాల, అంటే పండితుల గద్వాల, అని పేరు పొందిన ఊరు మాది. తొంభై ఏండ్లయింది. కవులున్నరని ఒప్పుకున్నరు, ఇప్పుడు కూరలు లేవంటున్నరు.

మనోళ్ళ మీద గూడ నాకు కోపం ఉన్నది, దాచుకోను. పోయిన నెల మా బంధువుల పెండ్లిల పన్నెండు రకాలు పెట్టిండ్రు. గోబీ మంచూరియా ఉన్నది, నూడుల్సు ఉన్నయి, ఏదో తెల్ల సాస్ పోసిన పాస్తా ఉన్నది. బచ్చాలు (బొబ్బట్లు) లేవు. పుండికూర లేదు. జూరాల డ్యాం ఆడ పెట్టుకొని చేప ముక్క లేదు. ఎందుకని అడిగితే పెండ్లికొడుకు తరపోళ్ళు సిటీ మనుషులు, ఏమనుకుంటరో అన్నరు. మనం మన విస్తట్ల పెట్టుకోనిది బయటోళ్ళు వచ్చి అడుగుతరా? ఇంటికొచ్చిన చుట్టానికి "మా ఇంట్ల ఏముంటయి, రొట్టెలే" అని సిగ్గుపడుకుంట చెప్పే మాట ఈ రోజుతోని బందు పెట్టండ్రి. మా పిన్ని గూడ పొద్దున అట్లనే అన్నది, "సిటీవాళ్ళు తింటరా బిడ్డా, పూరీలు చేయనా" అని. వద్దు, రొట్టెనే చెయ్యి అని నేనే మొండికేసిన. ఇప్పుడు ఆమె మొఖం చూడలేకపోతున్న.

రొట్టె సంగతి తెలియనోళ్ళు వినుండ్రి. పిండి రెండు మూడు రోజులల్ల పట్టించింది కావాలె, పాతబడితే రొట్టె అంచులు ఇరుగుతయి. మసిలిన నీళ్ళు పోసి, చెయ్యి కాలుతుండంగనే కలపాలె. కర్ర ఉండదు, అరచేత్తోనే కొట్టాలె. పెనం మీద వేసినంక మీద తడి చెయ్యి రాయాలె. ఒక్కొక్క రొట్టెకు ఇంత. ఆమెకు 61 ఏండ్లు, కుడి భుజం నొప్పికి మాత్రలు వేసుకుంటది. 60 రొట్టెలు.

మధ్యాహ్నం ఆమె ఏమనలే. గంపల సగం రొట్టెలు గుడ్డల కట్టి, పుండికూర గిన్నె మీద పెట్టి, పోగులు తెగిన ఆ ఇంటికి ఇచ్చి రమ్మన్నది. పోయిన. ఆలుమగలు ఇంకా ముడులు వేస్తనే ఉన్నరు. ఆమె చేతులు కడుక్కొని, అక్కడనే మగ్గం పక్కన కూసోని, ఒక రొట్టె నాలుగు మడతలు పెట్టి మొగనికి ఇచ్చింది. ఇంకా ఎన్ని పోగులున్నయి అని అడిగిన. రెండు అన్నది.

ఇది రాస్తుండంగనే ఆ ఉగ్గాని పిల్లగాడు మెసేజ్ పెట్టిండు. బస్సు దిగి ఉండాల్సింది మేడం, దోస్తులను తీసుకొని మళ్ళ ఆదివారం వస్తం, రొట్టె దొరుకుతదా అని. పిన్నిని అడిగిన. ఎంతమందో శుక్రవారం లోపల చెప్పుమన్నది, జొన్నలు పట్టియ్యాలెనట.