డెల్టాలో నేరకథకు సరుకు లేదా?

టీవీకి నేరకథలు రాయాలని ఉబలాటపడే అమలాపురం, రాజోలు, భీమవరం కుర్రాళ్లకు ఈమధ్య ఒక మాట పదేపదే వినిపిస్తోంది. అమెరికా నేర సీరియల్ ‘ది వైర్’ సృష్టికర్త డేవిడ్ సైమన్ హత్యలకు పేరుమోసిన బాల్టిమోర్ నగరంలో ఉండబట్టి అదృష్టం కలిసొచ్చిందని, ప్రశాంతమైన మన డెల్టాలో అలాంటి సరుకు దొరకదని, పైగా గోదావరి యాస వెటకారానికే తప్ప నేరకథకు పనికిరాదని దాని సారాంశం. ఇందులో ఒక్క ముక్కా నిలవదు.

అదృష్టం సంగతే ముందు చూద్దాం. సైమన్ పదమూడేళ్లు, అంటే 1982 నుంచి 1995 వరకు, ‘బాల్టిమోర్ సన్’ పత్రికలో విలేకరిగా పోలీసు వార్తలు రాశాడు. 1988లో సెలవు పెట్టి ఏడాది పొడవునా హత్యల దర్యాప్తు విభాగం వెంట తిరిగాడు. ఆ అనుభవమే 1991లో పుస్తకంగా, 1993లో వేరే సీరియల్‌గా వచ్చింది. ‘ది వైర్’ మొదలైంది 2002లో. ఇన్నేళ్ల చాకిరీని అదృష్టమనడం అన్యాయం. అవార్డులు కురిశాయా అంటే అదీ లేదు. ‘ది వైర్’కు అమెరికా టీవీ అవార్డు ఎమ్మీ ఒక్కటి కూడా రాలేదు.

ఇక నేరకథకు హత్యలే సరుకన్న లెక్క. 2003లో వచ్చిన ‘ది వైర్’ రెండో సీజన్ ఓడరేవులో పని తగ్గిపోతున్న కూలీలది. 2006లో వచ్చిన నాలుగోది బడిపిల్లలది. సహరచయిత ఎడ్ బర్న్స్ డిటెక్టివ్ ఉద్యోగం తర్వాత బడిలో పాఠాలు చెప్పినవాడు కావడం వల్లే ఆ తరగతి గదులకు అంత ప్రాణం వచ్చింది. ఓడరేవు మనకు లేదా? కాకినాడ యాంకరేజి పోర్టులో బియ్యం బస్తాలు బార్జీల మీద సముద్రంలోని ఓడ దాకా వెళ్తాయి. ఆ దారిలో ఎన్ని చేతులు, ఎన్ని సంతకాలు ఉన్నాయో విచారిస్తే ఒక సీజన్‌కు సరిపోతుంది.

హత్యే కావాలనుకున్నా, లాకుల దగ్గర కాలువలో తేలిన ఒక్క శవం చాలు. ఒంటి మీది గుడ్డలు, మొలతాడు, గాయాలు చూసి, ఊరి పెద్దమనుషులు కనీసం ఇద్దరి సమక్షంలో పోలీసులు శవపంచనామా రాస్తారు. అక్కడ సంతకం చేసే మనిషికి చనిపోయినవాడితో చేపల చెరువు లీజు తగాదా ఉంటే? కథ అప్పుడే మొదలవుతుంది. పోలీసుల ముందు చేసిన నేరాంగీకారం కోర్టులో సాక్ష్యంగా చెల్లదు కాబట్టి, మన సీరియళ్లలో లాఠీ ఎత్తగానే వచ్చే ఒప్పుకోలుతో ఆ కథ ముగియదు. సాక్షి నిలబడతాడా లేదా అన్నదే అసలు ఉత్కంఠ. ఈ పని నేర్వడానికి బాల్టిమోర్ దాకా పోనక్కర్లేదు. కోర్టు విచారణలు చాలావరకు బహిరంగంగానే జరుగుతాయి, రాజమహేంద్రవరంలోనో కాకినాడలోనో వెళ్లి వెనక బల్ల మీద కూర్చుంటే చాలు.

యాస మాట నన్ను ఎక్కువ బాధపెట్టింది. ‘ది వైర్’ వీధిభాష అమెరికన్లలోనే చాలామందికి కొరుకుడు పడలేదు, అయినా రచయితలు దాన్ని నున్నగా చెయ్యలేదు. మన యాసను హాస్యానికి కట్టిపడేసింది సినిమాలే గానీ గోదావరి జనం కాదు. ఎస్సై ఏమడిగినా “ఆయ్, అలాగేనండి” అంటూ వినయంగా తలూపే సాక్షి, అడిగిన ఒక్క ప్రశ్నకూ జవాబు చెప్పకుండా స్టేషన్ మెట్లు దిగిపోవడం ఇక్కడివాళ్లు ఎరిగినదే. ఆ వినయం వెనక ఉన్న భయాన్ని రాయగలిగేది ఆ యాస చెవిన పడుతూ పెరిగినవాళ్లే.