222–0: ఓడినవాడి లాభం

అమెరికా కాలేజీ ఫుట్‌బాల్ గురించి రాసేవాళ్లంతా 1916 అక్టోబర్ 7ను కంబర్లాండ్ కాలేజీ పరువు పోయిన రోజుగా లెక్కగడతారు. అన్యాయం. ఆ రోజు అట్లాంటాలోని గ్రాంట్ ఫీల్డ్‌లో, ఆ ఊరి కాలేజీయే అయిన జార్జియా టెక్ చేతిలో కంబర్లాండ్ 222–0తో ఓడిన మాట వాస్తవమే. కానీ స్కోరుబోర్డు సంగతి కాసేపు పక్కనబెట్టి చిట్టా ఆవర్జా తీస్తే, ఎవరు ఎవర్ని బాదారో అంత తేలిగ్గా తేలదు.

టెనెస్సీ రాష్ట్రం లెబనాన్ ఊళ్లోని ఈ కాలేజీ ఆ ఏడు ఫుట్‌బాల్ జట్టునే ఎత్తేసింది. జట్టు పోయినా టెక్‌తో కుదుర్చుకున్న మ్యాచి మెడకు చుట్టుకుంది. టెక్ కోచ్ జాన్ హైస్‌మన్ పట్టు వదల్లేదు. వస్తే దారి ఖర్చులు మావి, పైగా 500 డాలర్లు. రాకపోతే 3,000 డాలర్లు కట్టాలి. ఆయన కడుపుమంట ఆయనది మరి. అదే ఏడు వసంతంలో కంబర్లాండ్ బేస్‌బాల్‌లో టెక్‌ను 22–0తో చితక్కొట్టింది. డబ్బుకి ఆడేవాళ్లకి విద్యార్థుల వేషం కట్టి దింపారన్నది హైస్‌మన్ అనుమానం. ఓడిన టెక్ బేస్‌బాల్ జట్టుకీ కోచ్ ఆయనే.

కంబర్లాండ్‌కి పేరు తెచ్చింది దాని లా స్కూలు. అక్కడివాళ్లకి ఒప్పందం చదవడం వేరే చెప్పాలా? జట్టు రావాలి, అంతే. జట్టుకి ఆట రావాలని కాదు కదా! పదిహేను మందికి కాస్త అటూ ఇటూగా కుర్రాళ్లను పోగేసి రైలెక్కించారు. పరిహారం కింద పోవాల్సిన 3,000 మిగిలింది, చేతికి 500 వచ్చింది. మొత్తం 3,500ను 222తో భాగించండి. సమర్పించుకున్న ఒక్కో పాయింటుకీ పదిహేనుముప్పావు డాలర్లు! దెబ్బలు తిన్నందుకు ఇంత గిట్టుబాటు ధర ఆ రోజుల్లో ఏ జట్టుకి దక్కిందో చూపించండి.

ఇక ఆట. బంతితో అవతలివాళ్ల గోల్‌లైన్ దాటితే టచ్‌డౌన్. అప్పటికి దానికి 6 పాయింట్లు, దాని మీద తన్నే కిక్‌కి 1. టెక్ 32 టచ్‌డౌన్లు చేసి, 30 కిక్కులు గోల్లోకి పంపింది. ఆ మిగతా రెండు కిక్కులు ఎందుకు పోయాయో హైస్‌మన్ సంజాయిషీ అడిగే ఉంటాడు. పాయింట్లు ఇచ్చుకున్న జట్టుకి అప్పటి నిబంధనల్లో ఒక వెసులుబాటు ఉండేది: ఆటను మళ్లీ మొదలుపెట్టే కిక్‌ఆఫ్ తానే తన్నొచ్చు, లేదా అవతలివాళ్లు తన్నితే అందుకోవచ్చు. అందుకుంటే బంతితో టెక్ వాళ్లకి ఎదురెళ్లాలి. ఆ తాకిడికి బంతి చేజారుతుంది, అదీ సొంత గోల్‌లైన్‌కి కూతవేటు దూరంలో. తొమ్మిదిసార్లు అలాగే పోగొట్టుకున్నారు. అందుకని కొన్నిసార్లు తామే తన్నారు, బంతి కనీసం దూరంగానైనా ఉంటుందని. టెక్ కుర్రాళ్లు అక్కణ్ణుంచే పరిగెత్తుకొచ్చారు. జారి దొర్లుతున్న బంతిని చూసి ఒకడు "తియ్యరా" అంటే, "పడేసింది నువ్వు, నువ్వే తీసుకో" అని రెండోవాడు అన్నట్టు ఒక కథ ప్రచారంలో ఉంది. ఎంత నిజమో గానీ, బతికుంటే బలుసాకు తినొచ్చన్న ఇంగితం అందులో ఉంది. లా చదివేవాడికి ఆ మాత్రం ఉండాలి.

నిష్పక్షపాతంగా చూసేవాళ్లు మరికొన్ని అంకెలు గమనించాలి. ఫస్ట్ డౌన్లలో ఇరు జట్లూ సమానం: సున్నా, సున్నా. ఒక్కో ప్రయత్నం ఒక డౌన్; నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు దాటితే ఫస్ట్ డౌన్. ప్రతిసారీ ఆలోపే గోల్‌లైన్ దాటేయడంతో టెక్‌కి అది సంపాదించే యోగం పట్టలేదు. ఫార్వర్డ్ పాస్‌లో, అంటే బంతిని ముందుకు విసరడంలో అయితే కంబర్లాండ్‌దే స్పష్టమైన ఆధిక్యం. టెక్ ఒక్కటీ విసరలేదు. కంబర్లాండ్ ఒక పాస్‌తో ఏకంగా పది గజాలు సాధించింది. అప్పటికి నాలుగో డౌన్, కావాల్సినవి 22 గజాలు అన్నది సాంకేతిక వివరం.

మొదటి క్వార్టర్‌లో 63, రెండో దాంట్లో 63. 126–0 మీద ఉండగా విరామంలో హైస్‌మన్ తన జట్టుతో, అలసత్వం వద్దు, అవతలివాళ్లు ఏ ఎత్తు దాచిపెట్టారో తెలియదు అన్నాడని చెబుతారు. ముందుచూపంటే అదీ. అంత చెప్పినా టెక్ బద్ధకించింది. తర్వాతి రెండు క్వార్టర్లలో 54, 42. ఆట సమయాన్ని కుదించడం వల్ల అలా అయిందనేవాళ్లు సాకులు వెతికేవాళ్లు.

అప్పట్లో కొందరు పత్రికలవాళ్లు సీజన్ మొత్తంలో చేసిన పాయింట్లు కూడి జట్ల గొప్పతనం తేల్చేవారు. అది పిచ్చి లెక్కని రుజువు చెయ్యడానికే ఇంత పని చేశానని హైస్‌మన్ చెప్పుకున్నాడు. తాగుడు తప్పని చూపించడానికి పీపా ఖాళీ చేసినట్టు. రుజువైపోయాక ఆ 222ను సీజన్ లెక్కలోంచి తీసేశాడా అంటే అదేం లేదు. ఆ ఏడు టెక్ 8 గెలిచి, ఒకటి డ్రా చేసుకుని, మొత్తం 421 పాయింట్లు చేసింది. అందులో సగానికి పైగా ఒక్క మధ్యాహ్నం సంపాదన. మిగతా ఎనిమిది మ్యాచుల్లో కలిపి వచ్చింది 199. సరిగ్గా వారం తిరిగాక డేవిడ్సన్ కాలేజీ మీద ఇదే జట్టు చేసింది 9. ఆ తర్వాత నార్త్ కరోలినా మీద 10–6, వాషింగ్టన్ అండ్ లీతో 7–7. వీళ్లెవరూ ఫుట్‌బాల్‌ను ఎత్తేసిన కాలేజీలు కాకపోవడమే చిక్కు.

నాటి మ్యాచ్ బంతి 2014లో వేలానికొచ్చి 40 వేల డాలర్లకు పైగా పలికింది. దాన్ని అన్నిసార్లు నేలపాలు చేసి విలువ పెంచినవాళ్లకి అందులో వాటా ఎంతో తేల్చమని కంబర్లాండ్ లా పట్టభద్రులు ఇంకా దావా వెయ్యకపోవడం ఆశ్చర్యం.